ముషి ప్రొడక్షన్

ముషి ప్రొడక్షన్ జపాను రాజధాని టోక్యోలోని నెరిమా ప్రాంతంలో 1961లో ప్రారంభమైన యానిమేషన్ చిత్ర నిర్మాణ సంస్థ. దీని వ్యవస్థాపకుడు ప్రఖ్యాత చిత్రకథా రచయిత ఒసాము తెజుకా (1928-1989). ప్రతి వారం అరగంటసేపు ప్రసారమయ్యే టెలివిజన్ యానిమేషన్ ధారావాహికకు జపానులో మార్గం వేసిన ఈ సంస్థ 1973లో దివాలా తీసింది. జపాను యానిమేషన్ చిత్రకారుల అల్ప వేతనాలపై నేటికీ సాగుతున్న చర్చలో దీని పేరు తరచుగా వినవస్తుంది.

పేరు, స్థాపన

జపాను భాషలో 'ముషి' అనగా పురుగు. తెజుకాకు బాల్యం నుండి కీటకాలపై మక్కువ ఎక్కువ. తన కలం పేరులోనే పురుగును సూచించే అక్షరాన్ని చేర్చుకున్నాడు. భారతీయ పాఠకులకు ఈయన 'బుద్ధ' అనే బృహత్ చిత్రకథ ద్వారా పరిచితుడు.

అప్పటికి జపానులో యానిమేషన్ అంటే తోయే సంస్థ నిర్మించే పూర్తి నిడివి చలనచిత్రాలే. 1960లో ఆ సంస్థ తెజుకా చిత్రకథ ఆధారంగా 'సాయూకీ' తీసినప్పుడు ఆయనకు ఈ రంగంతో ప్రత్యక్ష పరిచయం కలిగింది. చిత్రకథల ద్వారా వచ్చిన ఆదాయాన్నే పెట్టుబడిగా పెట్టి సొంత సంస్థను నెలకొల్పాడు.

ఆస్ట్రో బాయ్

1963 జనవరి 1న ఫుజీ టెలివిజన్‌లో 'తెత్సువాన్ ఆతోము' ప్రసారం మొదలైనది. ఇదే విదేశాలలో 'ఆస్ట్రో బాయ్'గా ప్రసిద్ధి చెందినది. 1966 డిసెంబరు 31 వరకు 193 భాగాలు వెలువడినవి. అంతకుముందు కూడా జపాను టెలివిజన్‌లో యానిమేషన్ లేకపోలేదు. కానీ అవి కొద్ది నిమిషాల బొమ్మలు. వారం వారం అరగంట కథ చెప్పడం అసాధ్యమని ఆనాటి నిపుణుల భావన.

ఆ భావనకు కారణం చిన్న లెక్కతో బోధపడుతుంది. చలనచిత్రంలో సెకనుకు 24 ఫ్రేములు ఉంటాయి. ఒక్కొక్క ఫ్రేముకు ఒక బొమ్మ చొప్పున గీస్తే 25 నిమిషాల కథకు 36,000 బొమ్మలు కావాలి. రెండు ఫ్రేములకు ఒకటి చాలుననుకున్నా 18,000. ఏడు రోజులలో ఇది ఏ బృందానికీ సాధ్యం కాదు. ముషి చిత్రకారులు మూడు ఫ్రేములకు ఒక బొమ్మ వాడారు. పాత్ర మాట్లాడేటప్పుడు పెదవులను మాత్రమే కదిలించారు. కదలని బొమ్మపై కెమెరాను జరిపారు. ఒకసారి గీసిన ఎగిరే దృశ్యాన్ని, పరుగెత్తే దృశ్యాన్ని భద్రపరచి మరల మరల ఉపయోగించారు. కదలికలోని లోటును కథ బలంతో పూడ్చారు. ప్రేక్షకులకు ఆ లోటు పట్టలేదనే చెప్పాలి: వీక్షకుల శాతం ఒక దశలో 40ని తాకింది.

అసలు చిక్కు ధర వద్ద వచ్చింది. తెజుకా ఒక్కొక్క భాగాన్ని నిర్మాణ వ్యయం కంటే తక్కువకు అమ్మడానికి అంగీకరించాడు. నష్టాన్ని బొమ్మల హక్కుల రుసుముతోను, విదేశీ అమ్మకాలతోను, తన చిత్రకథల సంపాదనతోను భర్తీ చేయవచ్చునని ఆయన అంచనా. మొదట అది ఫలించింది కూడా. ప్రాయోజకులైన మెయిజీ మిఠాయి కంపెనీ చాక్లెట్లతో ఆతోము స్టిక్కర్లు ఇచ్చి విశేషంగా లాభపడింది. అమెరికాలో ఎన్‌బీసీ అనుబంధ సంస్థ ఈ ధారావాహికను కొన్నది. కానీ 1963 ముగిసేలోగా తోయే సహా ఇతర సంస్థలు కూడా ఈ రంగంలో ప్రవేశించాయి. పోటీ పెరిగింది, ధర మాత్రం తగినంతగా పెరగలేదు.

పతనం

1965లో వచ్చిన 'జంగిల్ తైతెయి' (కింబా అనే తెల్ల సింహం కథ) జపాను తొలి రంగుల యానిమేషన్ ధారావాహికగా గుర్తింపు పొందినది. రంగులతో ఖర్చు పెరిగింది, సిబ్బంది వందలకు చేరింది. ఒక ధారావాహిక ముగిసేలోగా మరొకటి దొరకనిచో వారందరికీ జీతాలివ్వడం కష్టం. అందుచేత వచ్చిన పనినల్లా ఒప్పుకొనవలసి వచ్చేది. పెద్దల కోసం తీసిన 'వెయ్యిన్నొక్క రాత్రులు' (1969) ప్రేక్షకులను ఆకర్షించినా, తరువాతి 'క్లియోపాత్రా' (1970) నిరాశపరచింది. సంస్థలో కార్మిక వివాదాలు తలెత్తాయి. 1971లో తెజుకా అధ్యక్ష పదవి నుండి తప్పుకున్నాడు. 1973లో విడుదలైన 'కనాషిమి నో బెల్లడోన్నా' వ్యాపారపరంగా విఫలమైంది. అదే ఏడాది నవంబరులో ముషి దివాలా తీసింది. సరిగ్గా ఆ నెలలోనే తెజుకా 'బ్లాక్ జాక్' చిత్రకథను ప్రారంభించి రచయితగా మరల నిలదొక్కుకున్నాడు. పూర్వ ఉద్యోగులు 1977లో అదే పేరుతో కొత్త సంస్థను ఏర్పరచారు.

మాజీ ఉద్యోగులు

ముషి నుండి వెలుపలికి వచ్చినవారే 1972లో మ్యాడ్‌హౌస్, సన్‌రైజ్ సంస్థలకు పునాది వేశారు. 1979 నాటి 'గుండం' దర్శకుడు యొషియుకి తొమినో, క్యోటో యానిమేషన్ స్థాపకురాలు యోకో హత్తా కూడా ఇక్కడ పనిచేసినవారే.

వేతనాల వివాదం

తెజుకా మరణానంతరం 1989లోనే హయావో మియజాకీ ఆయన అంగీకరించిన తక్కువ ధరను విమర్శించాడు. ఆ ధరే ఆనవాయితీగా మారి చిత్రకారుల వేతనాలను అణచివేసిందని ఈ వర్గం వాదన. ఇది కొంతవరకే సమంజసం. 1963 నాటి ఒప్పందం తరువాతి దశాబ్దాల టెలివిజన్ సంస్థలను, ప్రకటనకర్తలను కట్టిపడేయలేదు; ధర పెంచే అవకాశం వారికి ఉండినది. పైగా నేడు అధిక భాగం హక్కులు పెట్టుబడిదారుల 'నిర్మాణ కమిటీ'ల చేతిలో ఉంటున్నవి. తెజుకా నష్టాన్ని పూడ్చుకోదలచిన హక్కుల ఆదాయం నేటి చాలా నిర్మాణ సంస్థలకు దక్కడం లేదు.

జపాను యానిమేషన్ మార్కెట్ విలువ 2023లో 3 లక్షల కోట్ల యెన్‌లను దాటింది. అయినా ఈ రంగంలోని తక్కువ వేతనాలను, అధిక పనిగంటలను ఐక్యరాజ్యసమితి మానవ హక్కుల నిపుణుల బృందం 2024లో తన నివేదికలో ఎత్తిచూపింది. స్వతంత్రంగా పనిచేసేవారికి లిఖితపూర్వకంగా షరతులు తెలపాలని, గడువులోగా చెల్లింపులు జరపాలని నిర్దేశించే జపాను చట్టం అదే ఏడాది నవంబరులో అమలులోకి వచ్చింది. బొమ్మకు ఇంత అని ధర మాత్రం ఆ చట్టం నిర్ణయించలేదు.