లింకను మందిరపు మెట్లు

అమెరికా వర్ణసమస్యను గ్రహించుటకు వాషింగ్టనునందలి లింకను స్మారకమందిరపు చరిత్ర మొక్కటి చాలును. బానిసల విమోచనమును ప్రకటించిన యా మహనీయుని మందిరమును 1922లో ప్రారంభించిననాడు నల్లజాతివారిని వేరుగ గూర్చుండబెట్టిరి. ఇంతకంటె విపరీతమేమున్నది? వర్ణభేదముచే కాన్‌స్టిట్యూషన్ హాలున పాడుటకు అనుమతి దొరకని గాయని మేరియన్ ఆండర్సన్ 1939లో ఆ మెట్లపై నిలిచి సుమారు 75 వేలమందికి గానము వినిపించెను. 1963లో రెండున్నర లక్షల జనుల సమక్షమున మార్టిన్ లూథర్ కింగు సమానహక్కులను ఘోషించినదియు నచ్చటనే. 1964లో పౌరహక్కుల శాసనము వెలువడెను. మందిరమున నొక రాయియు మారలేదు. అచ్చట నిలువ సాహసించినవారే దాని యర్థమును మార్చిరి. స్మారకమున చెక్కిన యక్షరములతోపాటు, దాని యెదుట నెవరి కెచ్చట చోటు దొరకెనో గూడ చూచిననే యొక దేశపు న్యాయము బోధపడునని మా యభిప్రాయము.