పెద్దల రాజీలో మన కుర్చీ ఏది?

1985 మార్చిలో చెర్నెంకో చనిపోయిన మర్నాడే గోర్బచెవ్ సోవియట్ గద్దెనెక్కాడు. అంతే, ప్రపంచం తీరే మారిపోయిందన్నారు. సోవియట్‌ను దుష్ట సామ్రాజ్యమని తిట్టిన రీగనే 1988లో మాస్కో వెళ్లి, అది వేరే కాలం మాట అన్నాడు. 1987 డిసెంబర్ ఒప్పందంతో రెండు వేల ఆరు వందలకు పైగా క్షిపణులు తుక్కయ్యాయి. మంచిదే, మేం కాదనం. కానీ ఇదంతా ఒక్క మనిషి మంచితనమంటే మాత్రం ఒప్పుకోం. ఆయుధాలు మింగేసిన ఖజానా, సరుకుల కోసం బారులు తీరిన జనం అతని మెడలు వంచారు.

అఫ్ఘనిస్తాన్ సంగతేంటి? 1988 ఏప్రిల్‌లో జెనీవాలో సంతకాలయ్యాయి. 1989 ఫిబ్రవరి 15కల్లా సోవియట్ సైన్యం వెళ్లిపోయింది. యుద్ధం ఆగిందా? నజీబుల్లాకు మాస్కో, ముజాహిదీన్లకు వాషింగ్టన్ ఆయుధాలు పంపుతూనే ఉన్నాయి. 1992 జనవరి 1 నుంచి బంద్ అన్నారు. అప్పటికి సోవియట్ యూనియనే లేదు! ఏప్రిల్‌లో నజీబుల్లా కూలాడు, ముఠాలు కాబూల్ మీద రాకెట్లు కురిపించాయి. ఆంబోతుల పోట్లాటలో లేగల కాళ్లు విరుగుతాయంటారు మన పెద్దలు. మరి ఆంబోతులు రాజీపడ్డాక విరిగిన కాళ్లకు కట్టు కట్టిందెవరు? ఊళ్లు విడిచి పాకిస్తాన్, ఇరాన్ శిబిరాల్లో పడివున్న లక్షల మందిని జెనీవాలో ఎవరడిగారు?

నమీబియాను కూడా అడగలేదు. అక్కడ దక్షిణాఫ్రికా తెల్లదొరల పెత్తనం. అంగోలా యుద్ధాన్ని ఇక మోయలేనని మాస్కో తేల్చుకోవడం కలిసొచ్చి, 1988 డిసెంబర్‌లో దక్షిణాఫ్రికా, అంగోలా, క్యూబా సంతకాలు చేశాయి. 1966 నుంచి తుపాకి పట్టిన స్వాపోకు ఆ సంతకాల్లో చోటే లేదు. అయినా మరుసటి నవంబర్ ఎన్నికల్లో 72 సీట్లలో 41 గెలుచుకుంది.