కప్పపై చేయెత్తకండి

తొలకరి కురిసిన రాత్రి చెరువుగట్టున బెకబెకలు మొదలవుతాయి. వేసవంతా నేల అడుగున దాగిన కప్పలు జత కోసం వెలికివచ్చే వేళ అది. మగ గోదురుకప్పలు పసుపు వర్ణం దాల్చి, నీలి గొంతుసంచులు ఉబ్బించి పిలుస్తాయి.

కప్ప నీటిని నోటితో త్రాగదు, చర్మంతో పీల్చుకుంటుంది. పొలంలో చల్లిన విషమూ ఆ దారినే లోపలికి చేరుతుంది. పురుగును చంపబోయి, పురుగును తినే ప్రాణినే పోగొట్టుకుంటున్నాము. ఒకప్పుడు కాళ్ల కోసం వీటిని పట్టి విదేశాలకు పంపేవారు. 1987లో మన ప్రభుత్వం ఆ ఎగుమతిని నిషేధించింది.

ఒక వైద్యుడు కప్పను మందులో వాడటం గురించి అడిగినప్పుడు, దానిని చంపవద్దని దైవప్రవక్త (సల్లం) వారించినట్లు అబూదావూద్ గ్రంథంలో ఉంది. మందుకే వద్దన్నప్పుడు ఆటకు ఎలా తగును? సోదర సోదరీమణులారా! ఈ వానకాలం మీ పిల్లల చేతిలోని రాయిని క్రింద పెట్టించండి.