ప్రఖ్యాతుల పరిహాసము

2009 ఏప్రిలులో అమెరికా ర్యాప్ గాయకుడు ఎమినెం "వి మేడ్ యు" అను గేయమును వెలువరించెను. "మిమ్ము చేసినవారము మేమే" యని దాని నామార్థము. 2004 చివర "ఎన్‌కోర్" ప్రకటించిన పిదప నాలుగేండ్లకు పైగా స్వీయ నూతన గేయసంపుటి నీయని యీ గాయకుని పునఃప్రవేశకాలపు గేయములలో నిది యొకటి. బిల్‌బోర్డు పట్టికలో 9వ స్థానము నందెను. ఆ యేడే ఎం.టి.వి. వారి ఉత్తమ హిప్‌హాప్ దృశ్యగీత బహుమానమును గడించెను. ఒక హాస్యగేయ మింత చర్చకు దగునా యని కొంద రడుగవచ్చును. జనులెవరిని జూచి నవ్వుచున్నారో తెలిసికొనుటయు ప్రజాభిప్రాయమును దెలిసికొనుటయే గనుక దగునని మా యభిప్రాయము.

గేయమునకు మూలమైన భావము సత్యదూరము గాదు. ప్రఖ్యాతి స్వయంభువు గాదు. ఛాయాగ్రాహకుడు, పత్రిక, దానిని కొను పాఠకుడు ముగ్గురు గూడి సామాన్యునొకని అందల మెక్కింతురు. ఈ మాయను బయలుపరచుట అధిక్షేపకర్తకు ధర్మము. గాయకుడు తానును వికృతవేషములు దాల్చి నవ్వులపాలైనాడనియు నొప్పుకొందము.

అయితే దెబ్బ తగిలినది యెవరికి? 2008లో ఉపాధ్యక్షపదవికి పోటీచేసిన సారా పేలిన్ ప్రజలకు జవాబుదారి. ఆమె రాజనీతిని ఖండించుట కెవరికైన నధికారము గలదు. గేయము ఆ జోలికి బోక ఆమె స్త్రీత్వమునే వెక్కిరించెను. జెస్సికా సింప్సన్ కొంత లావెక్కెనని 2009 జనవరిలో పత్రికలు చాటగా, దృశ్యగీతము ఆ చాటింపునే మరల చాటెను. ప్రఖ్యాతివ్యాపారమును పరిహసింప బూనినవాడు ఆ వ్యాపారపు సరుకునే తిరిగి యమ్మినాడు.

అన్నిటికంటె శోచనీయము ఆమీ వైన్‌హౌస్ విషయము. ఆ ఆంగ్ల గాయనియు ఆమె భర్తయు ఇందు హాస్యవస్తువులైరి. ఆమె వ్యసనము అప్పటికే లోకవిదితము. ఈ గాయకుడో, 2007 డిసెంబరులో మత్తుమందు మితిమీరి మృత్యుముఖమున బడి, 2008 ఏప్రిలులో దానిని విడిచినవాడు. ఈ గేయము చేరిన సంపుటికి "రిలాప్స్", అనగా వ్యాధి తిరుగబెట్టుట, అని తానే పేరిడెను. ఆ బాధ యెట్టిదో యెరిగినవాడే తోటిరోగిని జూపి జనుల నవ్వించెను. 2011 జూలై 23వ తేదీన ఆమె 27 ఏండ్ల వయస్సున మద్యాధిక్యముచే మరణించెను. ఈ గేయమే దానికి హేతువనుట అన్యాయము. కాని ఆమె తూలుచుండగా నవ్విన జనసమూహములో ఈ గొంతు నొకటి యనుట న్యాయమే.

మత్తును గూర్చి నవ్వరాదని మే మనుట లేదు. పల్లవరాజు మహేంద్రవర్మ ఏడవ శతాబ్దిలో "మత్తవిలాస" ప్రహసనమున త్రాగి తిరుగు కాపాలికుని రంగ మెక్కించెను. అచ్చట పరిహాసపాత్రమైనది వ్రతవేషము చాటున దాగిన కపటము. వేషమును దూల్చు నవ్వు సంఘమునకు ఔషధము. పడినవానిపై రువ్వు నవ్వు రాళ్ల వంటిది.

ఇక "మేమే" యనిన ఆ మేమెవరము? గాయకుడు వేసిన యీ ప్రశ్నకు గేయములో జవాబు లేదు. జవాబు చెప్పవలసినవారము పత్రికలవారమును పాఠకులును. ఎవరును కొనని బొమ్మను ఏ పత్రికయు రెండవనాడు ముద్రింపదు. నేడు ప్రతివాని చేతిలోను ఫోనున్నది. ఇతరుల పతనమును క్షణములో నూరుగురికి బంపు శక్తి యొక సంపాదకునికే గాక అందరికిని లభించినది. శక్తితో బాధ్యతయు వచ్చినది. మనుష్యుని అందల మెక్కించినది మేమే యని గర్వించువారు, వాడు పడినపుడు చేయూత నిచ్చుటయు తమ విధియే యని గ్రహింపవలెను.