చింతపండు ఉండగా సీసా ఎందుకు?

తర్లుపాడులోని మా ఇంట్లో పిల్లలు బియ్యపు నూడుల్స్ అడిగినప్పుడు తొలుత మేము వెనుకాడాము. మలేషియా, సింగపూర్‌లలో ‘చార్ క్వే తియావ్’ అనే వంటకాన్ని సంప్రదాయంగా పందికొవ్వుతో వేయిస్తారని విని ఉన్నాము. అయితే హరామ్ అయినది ఆ కొవ్వే గాని బియ్యం కాదు గదా! అక్కడి మలయ్ ముస్లింలు దానినే నూనెతో హలాల్‌గా వండుకుంటారు. థాయిలాండ్ వారి ‘పాడ్ థాయ్’కి రుచినిచ్చే చింతపండు, తాటిబెల్లం, వేరుశనగలు మనకు కొత్తవి కావు. మేము దానినే ఎంచుకున్నాము.

200 గ్రాముల నూడుల్స్‌ను చల్లని నీటిలో అరగంట నానబెట్టాలి; ఉడికించరాదు. వెడల్పు మూకుడులో నూనె కాగాక వెల్లుల్లి, హలాల్ కోడిమాంసపు సన్నని ముక్కలు బాగా వేయించి, పక్కకు జరిపి గుడ్డు కొట్టి పోయాలి. నూడుల్స్, చిక్కని చింతపండు రసం, బెల్లం, ఉప్పు వేసి పెద్ద మంటపై కలియబెట్టాలి. అంతా ఒకేసారి వేస్తే ముద్దవుతుంది. రెండు వాయిలుగా వండడం మేలు. చివర ఉల్లికాడలు, వేయించి దంచిన వేరుశనగలు చల్లాలి.

సోదరీమణులారా! సాస్ సీసా కొనవలసివస్తే దానిపై రాసిన పదార్థాలు చదవండి. కొన్నింటిలో మద్యం కలుస్తుంది. సందేహమున్నదానిని వదిలేద్దాం. హలాల్ అని తెలిసినదానిని మాత్రం పిల్లలకు కాదనకుండా వండిపెడదాం.