బాంబు పేలితే తప్ప కెమెరా రాదా?

దిల్‌సుఖ్‌నగర్ పాత వీడియో అంటే మీకేం గుర్తొస్తుంది? 2013 ఫిబ్రవరి 21 రాత్రి టీవీలో చూసిందే కదా. కోణార్క్, వెంకటాద్రి థియేటర్ల దగ్గర రెండు పేలుళ్ళు, 18 మంది పోయారు. అది చూపించొద్దని నేననను. కానీ పేలే ముందు నిమిషం దాకా ఆ జనం చేస్తున్నదేంటి? బస్సు కోసం నిలబడి కబుర్లు, మిర్చి బజ్జీలు. అలాంటి సాయంత్రాలు అంతకుముందు వేలకి వేలు గడిచాయి. వాటిని తీసిందెవరు?

మన భాషలో చెప్పాలంటే, మన ఊరికి ఎర్రర్ లాగ్ మాత్రమే ఉంది. సిస్టమ్ బాగా నడిచినప్పుడు ఎలా ఉండేదో రికార్డు లేదు. ఇక ఏం పోగొట్టుకున్నామో ఎలా తెలుస్తుంది?

"కాలక్షేపంలో తీయడానికేముందిలే" అనేవాళ్ళకి హైమన్‌డార్ఫ్ గురించి చెప్పాలి. ఆస్ట్రియా మానవశాస్త్రవేత్త. 1939లో యుద్ధం మొదలయ్యేసరికి జర్మన్ పాస్‌పోర్టుతో ఇక్కడ దొరికిపోయాడు, ఆయన్ని హైదరాబాద్ సంస్థానం దాటొద్దన్నారు. ఆయన ఊరుకోలేదు. చెంచుల దగ్గరికెళ్ళాడు, కొండరెడ్ల దగ్గరికెళ్ళాడు, ఆదిలాబాద్ అడవుల్లో మార్లవాయి గోండుల మధ్య కాపురం పెట్టాడు. ఆయన ఫోటోలు, 16 ఎంఎం ఫిల్మ్ ఇప్పుడు లండన్‌లో, సోయాస్‌లో ఉన్నాయి. మనవాళ్ళ బతుకు, లండన్‌లో భద్రం!

ఇంకో తిరకాసు. గోండుల డోలు చప్పుడు చరిత్ర అయినప్పుడు, సరూర్‌నగర్ చెరువు గట్టు మీద పల్లీలు నములుతూ కూర్చున్న గుమాస్తా ఎందుకు కాలేదు? దూరంగా, వింతగా ఉంటేనే కెమెరాకి ఆనతుందా? 1948లో మొదలైన ఫిల్మ్స్ డివిజన్ కూడా ఎక్కువగా ప్రాజెక్టులు, పథకాలే చూపించింది. సుఖ్‌దేవ్ తీసిన 'ఇండియా 67' లాంటివి ఒకటీ అరా.

నార్వే జనాభా సుమారు 55 లక్షలు, మన హైదరాబాద్ కంటే తక్కువ. అక్కడ సినిమాలు, రేడియో, టీవీ ప్రసారాల కాపీలు కూడా భద్రపరచాలని 1989లోనే చట్టం చేశారు. వాళ్ళ నేషనల్ లైబ్రరీ పాత ఫిల్మ్‌ని మో ఇ రానా అనే ఊళ్ళో కొండ తొలిచి కట్టిన గదుల్లో దాస్తోంది. వాళ్ళ తాతలు సెలవు రోజు ఎలా గడిపారన్నది కూడా దేశం ఆస్తే అనుకున్నారు మరి.

"ఇప్పుడు అందరి చేతిలో ఫోనుంది కదా" అంటారా? ఉంది. కానీ కెమెరా మన మొహం వైపే తిరిగి ఉంది. వెనకున్న వీధి మసక, దాని చప్పుడు మీద సినిమా పాట. పైగా కంపెనీ సర్వర్‌లో ఉన్నన్నాళ్ళే దాని ఆయుష్షు. బ్యాకప్ లేని డేటాని నమ్ముకోకూడదని మనకి ఎవరైనా చెప్పాలా?

ఎల్బీనగర్‌కి మెట్రో 2018 సెప్టెంబర్ 24న వచ్చింది. ఆ స్తంభాలు లేవకముందు ఆదివారం సాయంత్రం ఆ రోడ్డు ఎలా ఉండేదో మీ పిల్లలకి చూపించండి చూద్దాం. చూపించలేం. కనీసం ఈ ఆదివారమైనా ఫోను అటు తిప్పండి. పది నిమిషాలు, మాటల్లేకుండా, పాటల్లేకుండా. తేదీ, చోటు రాసి రెండు చోట్ల దాచండి. దానికి నార్వే చట్టం అక్కర్లేదు బాబూ, కాస్త ఓపిక చాలు. ఏమంటారు?