అనుభవమే అభినయమా?

జర్మన్ నటుడు ఉల్రిష్ మ్యూహే ప్రస్తావన వచ్చినప్పుడల్లా సినీప్రియులు ఒక మాట అంటూ ఉంటారు: "ఆయన నటించలేదండీ, తాను పడ్డదే చూపించారు." పైకి ప్రశంసవలె కనబడే ఈ మాటతో నాకు పేచీ ఉన్నది.

ముందుగా ఆయన కథ. 1953లో తూర్పు జర్మనీలోని గ్రిమ్మా పట్టణంలో జన్మించారు. నిర్బంధ సైనిక సేవలో బెర్లిన్ గోడ వద్ద కాపలా కాశారు. కడుపులో పుండ్లు పడి ఆ విధి నుండి బయటపడ్డారు. లైప్‌జిగ్‌లో నటన అభ్యసించి, తూర్పు బెర్లిన్ రంగస్థలంపై అగ్రశ్రేణి నటులయ్యారు. 1989 నవంబరు 4న అలెగ్జాండర్‌ప్లాట్స్ మహాసభలో వేదికనెక్కి మాట్లాడిన కళాకారులలో ఆయన ఒకరు. మరి ఐదు రోజులకే గోడ తెరుచుకున్నది. తరువాత రహస్య పోలీసు సంస్థ స్టాసీ దస్త్రాలు వెలుగు చూడగా, సాటి నటులే తనపై నిఘా ఉంచినట్లు తెలిసిందని ఆయన చెప్పారు.

అటువంటి వ్యక్తి 2006లో వచ్చిన 'ఇతరుల జీవితాలు' చిత్రంలో స్టాసీ అధికారి వీస్లర్ పాత్ర ధరించారు. 1984 నాటి తూర్పు బెర్లిన్. ఒక నాటకకర్త ఉండే భవనపు అటకమీద, చెవులకు హెడ్‌ఫోన్లు తగిలించుకొని, ఆ ఇంటి మాటలన్నీ వింటూ కూర్చునే ఉద్యోగి. వినగా వినగా అతనిలో ఏదో కరుగుతుంది. ముఖంలో కండరం కదలదు. పియానో వాదన వింటున్న వేళ ఒక్క కన్నీటి చుక్క జారుతుంది, అంతే. స్తంభము, అశ్రువు: అష్ట సాత్త్విక భావాలలో రెండింటితోనే ఒక మనిషి మారిపోవడం చూపించారు.

ఈ పాత్రకు ఎలా సిద్ధమయ్యారని అడిగితే, గుర్తు చేసుకున్నానని ఆయనే అన్నారు కదా, అని మిత్రులు వాదింపవచ్చును. నిజమే. కాని ఆయనకు గుర్తున్నది నిఘాకు గురైన మనిషి బాధ; ధరించినది నిఘా వేసినవాని వేషం. పైగా, బాధితుణ్ణి కాపాడిన స్టాసీ అధికారి చరిత్రలో లేడని హుబెర్టస్ క్నాబే వంటి చరిత్రకారులు అభ్యంతరం చెప్పారు. లోకంలోనే లేనివాణ్ణి జ్ఞాపకం ఎక్కడనుండి తెచ్చి ఇస్తుంది? శత్రువు హృదయంలో ప్రవేశించి, అక్కడ లేని కరుణను ఉన్నట్లు నమ్మించడం కేవలం ప్రతిభ చేసిన పని.

తక్కిన పాత్రలు చూడండి. 2001 నాటి ఒక టెలివిజన్ చిత్రంలో గోబెల్స్‌గాను, అతని పోలికలున్న యూదునిగాను ద్విపాత్రాభినయం చేశారు. 'ఆఖరి సాక్షి' అనే ధారావాహికలో 1998 నుండి 2007 వరకు శవపరీక్షలు చేసే వైద్యుడయ్యారు. ఇవన్నీ స్వానుభవాలా?

సత్త్వం మనస్సునుండి పుడుతుందనీ, అది ఏకాగ్రమైన మనస్సుకే సాధ్యమనీ నాట్యశాస్త్రంలో భరతుడు చెప్పాడు. దుఃఖం లేనివాడు దుఃఖాన్ని ప్రదర్శించగలగడమే అక్కడి సమస్య. దీనిని తరగతిలో ఎన్నో ఏళ్లు పాఠంగా చెప్పినవాణ్ణి నేను. చెప్పానే గాని గ్రహించలేదు.

ఒక ఏడు పాఠశాల వార్షికోత్సవానికి హరిశ్చంద్ర కాటిసీను వేయిస్తున్నాను. హరిశ్చంద్ర పాత్రధారి పదవ తరగతి పిల్లవాడు. తండ్రి పోయి ఆరు నెలలు. పద్యంలో ఆర్తి రావడం లేదని, "మీ నాన్నను తలుచుకోరా, అదే వస్తుంది" అన్నాను. వాడు తలవంచుకొని నిలబడిపోయాడు. పద్యం రాలేదు. విసుక్కొని వేషం మరొకరికి ఇచ్చాను. వాడు మళ్ళీ నాటకాల వైపు రాలేదు.

అటకమీద కదలక కూర్చున్న వీస్లర్‌ను చూస్తుంటే ఆ పిల్లవాడే కళ్ళముందు నిలిచాడు. గాయం ఎందరికో ఉంటుంది. దానిని కళగా మలిచే నేర్పు వేరు, అది గురువు ఓర్పుగా నేర్పవలసినది. నేను నేర్పకుండా గాయాన్ని కెలికాను.

ఆ చిత్రానికి 2007 ఫిబ్రవరిలో ఆస్కార్ వచ్చింది. అదే ఏడు జూలై 22న, 54 ఏళ్ల వయసులో, ఉదర క్యాన్సరుతో మ్యూహే కన్నుమూశారు. ఆయన నటించలేదని మాత్రం అనకండి. ఆ మాట ఆయన సాధనను కాజేస్తుంది.